ఎరిక్ నార్డ్‌గ్రెన్: మృత్యువుతో చెస్ ఆడిన సినిమాకు మ్యూజిక్ ఈయనదే.. ఎక్కడ ఆపాలో తెలిసిన కంపోజర్!

సముద్రపు ఒడ్డు. నల్లటి ముసుగులో మృత్యువు. ఎదురుగా చెస్ బోర్డుతో ఓ యోధుడు. వరల్డ్ సినిమా గురించి ఏ వీడియో చూసినా ఈ సీన్ ఎక్కడో ఒకచోట కనిపిస్తుంది. 1957లో వచ్చిన స్వీడిష్ సినిమా ‘ది సెవెంత్ సీల్’లోది ఇది. డైరెక్టర్ ఇంగ్మార్ బెర్గ్‌మన్ పేరు చాలామందికి తెలుసు. మ్యూజిక్ ఇచ్చిన ఎరిక్ నార్డ్‌గ్రెన్ పేరు మాత్రం అంతగా వినిపించదు.

1913లో దక్షిణ స్వీడన్‌లోని స్కోనే ప్రాంతంలో పుట్టారు నార్డ్‌గ్రెన్. స్టాక్‌హోమ్‌లోని రాయల్ కాలేజ్ ఆఫ్ మ్యూజిక్‌లో చదువుకున్నారు. కచేరీ సంగీతం రాస్తూనే 1940ల్లో సినిమాల్లోకి వచ్చారు. 1949లో బెర్గ్‌మన్ తీసిన ‘థర్స్ట్’కు మ్యూజిక్ ఇచ్చారు. 1953లో స్వెన్స్క్ ఫిల్మ్‌ఇండస్ట్రీ స్టూడియోలో మ్యూజిక్ బాధ్యతలు అందుకున్నారు.

అక్కడి నుంచి వరుస హిట్లే. ‘స్మైల్స్ ఆఫ్ ఎ సమ్మర్ నైట్’, ‘ది సెవెంత్ సీల్’ కాన్స్‌లో అవార్డులు కొట్టాయి. ‘వైల్డ్ స్ట్రాబెర్రీస్’ బెర్లిన్‌లో గోల్డెన్ బేర్ గెలిచింది. ‘ది వర్జిన్ స్ప్రింగ్’కు ఆస్కార్ దక్కింది. నాలుగింటికీ సంగీతం నార్డ్‌గ్రెన్‌దే.

మరి ఆయన స్పెషాలిటీ ఏంటి? ‘ది సెవెంత్ సీల్’ మొదటి నిమిషాలే చూడండి. మబ్బుల మీద కోరస్ ఒక్కసారిగా గట్టిగా మోగుతుంది. చనిపోయినవారి కోసం చర్చిలో పాడే ‘దియెస్ ఇరే’ అనే పాత కీర్తన ఛాయ అందులో ఉంటుంది. అంతే, టక్కున ఆగిపోతుంది. ఆ తర్వాత మృత్యువు ప్రత్యక్షమయ్యే క్షణంలో అలల చప్పుడు కూడా ఉండదు. భయపెట్టడానికి డ్రమ్స్ అక్కర్లేదు, ఆ నిశ్శబ్దమే చాలు.

అయితే అదే నిశ్శబ్దం చివరికి ఆయన పనినే తగ్గించేసింది. 1960ల్లో బెర్గ్‌మన్ బ్యాక్‌గ్రౌండ్ స్కోర్‌ను దాదాపు పక్కనపెట్టేశారు. 1961 నాటి ‘త్రూ ఎ గ్లాస్ డార్క్‌లీ’లో ప్రధానంగా వినిపించేది బాఖ్ చెల్లో సంగీతమే. 1963లో వచ్చిన ‘వింటర్ లైట్’లో చర్చి పాటలు, ఆర్గాన్ తప్ప వేరే స్కోర్ లేదు. పదేళ్లకు పైగా తోడున్న కంపోజర్‌కు ఇక రాయడానికి పెద్దగా మిగల్లేదు.

నార్డ్‌గ్రెన్ మాత్రం అక్కడితో ఆగలేదు. 1967లో స్వీడిష్ రేడియోకు మారారు. సినిమాల్ని మాత్రం పూర్తిగా వదల్లేదు. పేదరికం తట్టుకోలేక అమెరికాకు వలసపోయిన స్వీడిష్ రైతుల కథతో జాన్ ట్రోయెల్ తీసిన ‘ది ఎమిగ్రెంట్స్’(1971)కు ఆయనే మ్యూజిక్ ఇచ్చారు. ఆ సినిమా బెస్ట్ పిక్చర్ కేటగిరీలోనూ ఆస్కార్ నామినేషన్ తెచ్చుకుంది.

1992లో నార్డ్‌గ్రెన్ కన్నుమూశారు. ఈసారి ఆ చెస్ సీన్ మీ ఫోన్‌లో కనిపిస్తే స్కిప్ చేయకండి. ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని మొదటి నుంచి చూడండి. కోరస్ ఎక్కడ మోగిందో, ఎక్కడ ఆగిందో గమనిస్తే ఆయన పనితనం ఏంటో తెలిసిపోతుంది.