బ్లాంకీ: జైల్లో కూర్చుని లెక్కేసిన భూగోళాలు

మల్టీవర్స్ అనగానే మనకి మార్వెల్ సినిమాలే గుర్తొస్తాయి. కానీ మనలాంటి భూములు లెక్కలేనన్ని ఉన్నాయని, వాటిల్లో ఇదే చరిత్ర మళ్లీ మళ్లీ నడుస్తోందని 1871లోనే ఒక ఫ్రెంచి ఖైదీ రాశాడు. ఆయన పేరు లూయీ ఒగ్యూస్త్ బ్లాంకీ. సైంటిస్టు కాదు, విప్లవకారుడు.

1805లో నీస్ నగరానికి దగ్గర్లోని ఒక చిన్న ఊళ్లో పుట్టాడు. అన్న అడాల్ఫ్ పేరున్న ఆర్థికవేత్త. తమ్ముడు మాత్రం పారిస్‌లో లా, మెడిసిన్ చదువుతూ వీధి పోరాటాల్లోకి దిగాడు. 1827లో, మనకన్నా రెండు మూడేళ్లు పెద్దవాడుగా ఉన్నప్పుడు, గాయపడ్డాడు కూడా. 1830 విప్లవంలో రాజు మారాడు గానీ కూలీల బతుకు మారలేదు. దాంతో రహస్య సంఘాలు కట్టాడు.

1839 మే 12న కొన్ని వందల మందితో పారిస్‌లో తిరుగుబాటు చేశాడు. జనం కలిసిరాలేదు. మరణశిక్ష పడింది, తర్వాత యావజ్జీవంగా మార్చారు. ఆయన జైల్లో ఉండగానే భార్య అమేలీ చనిపోయింది. 1848 విప్లవం విడుదల చేసింది. కొన్ని నెలలకే మళ్లీ లోపల. 1870 ఆగస్టులో ఆయుధాల కోసం లా విలెట్‌లో ఫైర్ స్టేషన్ మీద దాడి చేయించాడు. జనం మళ్లీ చూస్తూ నిలబడిపోయారు. జనాన్ని కూడగట్టకుండా కొద్దిమందితోనే అధికారం పట్టేయొచ్చన్న నమ్మకం, 31 ఏళ్ల తర్వాత కూడా అదే తప్పు చేయించింది.

1871 మార్చి 17న ఆయన్ని అరెస్టు చేశారు. మర్నాడే పారిస్ కమ్యూన్ మొదలైంది! జీవితమంతా ఎదురుచూసిన రోజు ఒక్క రోజు తేడాతో తప్పిపోయింది. కమ్యూన్ ఆయన్ని సభ్యుడిగా ఎన్నుకుంది. ఆయన్ని వదిలితే ఆర్చిబిషప్‌తో సహా బందీలందర్నీ వదిలేస్తామంది. ప్రభుత్వాధినేత తియేర్ ఒప్పుకోలేదు. మే నెలాఖరుకి కమ్యూన్‌ని నెత్తుటిలో ముంచేశారు.

బ్రిటనీ తీరంలో, సముద్రం మధ్య ఉన్న తోరో కోటలో బ్లాంకీని ఒంటరిగా బంధించారు. అక్కడ రాసిందే 'నక్షత్రాల ద్వారా శాశ్వతత్వం'.

ఆయన లెక్క సింపుల్. నక్షత్రాల్లోనూ మన దగ్గరున్న మూలకాలే ఉన్నాయని స్పెక్ట్రోస్కోపు అప్పటికే చూపించింది. అప్పటికి తెలిసిన మూలకాలు అరవై పైచిలుకు. వాటితో చేయగల అమరికలు ఎన్నయినా, ఒక హద్దు ఉంటుంది. ఆకాశానికీ కాలానికీ హద్దు లేదు. కాబట్టి అమరికలు రిపీట్ అవ్వాల్సిందే. మన కల్పాలు ఒకదాని తర్వాత ఒకటి తిరిగొస్తాయి. బ్లాంకీ భూములు మాత్రం ఒకేసారి, వేర్వేరు చోట్ల కూడా నడుస్తుంటాయి. కొన్నిట్లో దారి చీలుతుంది. గ్రూషీ పొరపాటు చేయని భూమి మీద వాటర్లూలో ఇంగ్లీషువాళ్లు ఓడిపోయి ఉంటారు. ఇంకో భూమి మీద ఇంకో బ్లాంకీ ఇలాంటి కోటలోనే, ఇవే బట్టల్లో, ఇదే వాక్యం రాస్తుంటాడు. ఆయన్ని బాధపెట్టింది ఇదే: అంతా రిపీటే అయితే ఇక ప్రగతి ఎక్కడ? ఆ చీలే దారుల్లోనే కాస్త ఆశ చూసుకున్నాడు.

లెక్కలో లొసుగుంది. పిజన్‌హోల్ సూత్రం ప్రకారం ఏదో ఒక అమరిక రిపీట్ అవుతుంది, నిజమే. అది మనదే కావాలని గానీ, సాధ్యమైనవన్నీ జరగాలని గానీ లేదు. 0.101001000... ఎంత దూరం రాసినా అందులో 2 రాదు కదా!

పుస్తకం 1872లో వచ్చింది. అదే ఏడాది మళ్లీ శిక్ష. 1879లో జైల్లో ఉండగానే బోర్డో ఓటర్లు ఆయన్ని పార్లమెంటుకి ఎన్నుకున్నారు. ఎన్నిక రద్దయింది, ఆయన మాత్రం విడుదలయ్యాడు. అప్పటికి 74 ఏళ్లు; అందులో 30కి పైగా జైళ్లలోనే గడిచాయి. 1881 జనవరి 1న చనిపోయాడు. అదే ఏడాది ఆగస్టులో, స్విట్జర్లాండ్‌లో నడుస్తుండగా నీషేకి ఇలాంటి ఆలోచనే తట్టింది. 1930ల చివర్లో వాల్టర్ బెంజమిన్ బ్లాంకీ పుస్తకం చదివి ఆశ్చర్యపోయాడు.

ఎక్కడో ఒక భూమి మీద గెలిచిన బ్లాంకీ ఉన్నాడన్న ఊహతో ముసలాయన సరిపెట్టుకుని ఉండొచ్చు. సరిపెట్టుకోలేదు. చనిపోయే ముందు కొన్ని వారాలు కూడా కొత్తగా పెట్టిన పత్రిక నడుపుతూ, సభల్లో మాట్లాడుతూనే ఉన్నాడు.