వైజాగ్ పాముల దొర

అన్న ముందు వెళ్లి కుదురుకోవడం, ఆ తర్వాత తమ్ముణ్ని రప్పించుకోవడం... మన వలస బతుకుల్లో ఇదేం కొత్త కాదు. రెండున్నర శతాబ్దాల కిందట ఓ స్కాట్లాండ్ డాక్టరూ అలాగే ఇల్లు విడిచారు. పేరు ప్యాట్రిక్ రస్సెల్. రక్తపింజరను ఇంగ్లిష్‌లో రస్సెల్స్ వైపర్ అంటారు కదా, ఆ రస్సెల్ ఈయనే.

పుట్టింది ఎడిన్‌బరోలో. సవతి అన్న అలెగ్జాండర్ సిరియాలోని అలెప్పోలో బ్రిటిష్ వర్తకులకు వైద్యుడు. 1750లో ఆయన దగ్గరికి వెళ్లిన రస్సెల్, 1753లో అన్న ఉద్యోగంలోనే చేరారు. 1760 నుంచి 1762 దాకా ఆ ఊళ్లో ప్లేగు. ఊరు విడిచి పోకుండా రోగుల్ని చూస్తూ, చూసిందల్లా రాసి పెట్టుకున్నారు. 1791లో అచ్చయిన ఆయన ప్లేగు గ్రంథానికి అదే ఆధారం.

యాభై దాటాక మళ్లీ ప్రయాణం. తమ్ముడు క్లాడ్‌కు ఈస్టిండియా కంపెనీ కొలువులో విశాఖపట్నం పాలన బాధ్యత దక్కింది. తమ్ముడికి తోడుగా 1781లో బయల్దేరారు. మన తీరంలో మొక్కల్నీ జంతువుల్నీ పరిశీలించే కంపెనీ ఉద్యోగి కోనిగ్ 1785లో కాకినాడ జగన్నాథపురంలో చనిపోయారు. ఆ పని రస్సెల్‌కు వచ్చింది.

ఇక్కడికొచ్చాక ఆయన్ను కలవరపెట్టింది పాముకాటు. ఏ పాము చంపుతుంది, ఏది చంపదు? ఈ ఒక్కటి తేలితే ఎన్నో ప్రాణాలు నిలబడతాయి. జనం పట్టి తెచ్చిన పాముల కోరలు చూశారు, పొట్ట కింద పలకలు లెక్కపెట్టారు. కుక్కల్నీ కోళ్లనీ కరిపించి విషం పరీక్షించారు. ఇప్పుడు వింటే ఒళ్లు జలదరిస్తుంది గానీ, ఆ రోజుల్లో అంతకు మించి దారి లేదు. ఎక్కువ పాములకు విషమే లేదని తేలింది. 1796లో లండన్‌లో రంగుల బొమ్మలతో పుస్తకం వేశారు. అందులో పేర్లు మన తెలుగు పేర్లే. రక్తపింజర అక్కడ కాటుక రేకుల పొడ. బంగారు పాము అని ఆయన రాసుకున్న పేరు నుంచే కట్లపాముల వర్గానికి బంగారస్ అనే శాస్త్రనామం వచ్చింది.

ఆ పాముల మధ్యలో పాము కానిది ఒకటి దూరింది. కాళ్లు లేవు, సన్నగా పొడుగ్గా ఉంది, పాము కాక మరేమిటి? కానీ అది బల్లి. గోడల పక్కన మెరుస్తూ పరుగెత్తే నలికండ్ల పాముకు చుట్టం. 1801లో ష్నైడర్ అనే జర్మన్ పండితుడు దానికి మెలనోస్టిక్టా అని పేరు పెట్టారు. నల్లచుక్కలది అని అర్థం.

దాని బతుకంతా వదులు మట్టిలో, చెట్ల మొదళ్ల దగ్గర రాలిన ఆకుల కింద. మట్టిలో దూరేవాటికి కాళ్లు అడ్డమే. తరతరాలుగా అవి కుదించుకుపోయాయి, ఒళ్లు సాగింది. నున్నటి పొలుసుల వల్ల మన్ను ఇట్టే జారిపోతుంది. కళ్లు చిన్నవి. మట్టిలోని పురుగూ పుట్రా తిండి. విషం లేదు. మామూలు పాముకు పొట్ట కింద అడ్డంగా వెడల్పాటి పలకలుంటాయి, దీనికి ఒళ్లంతా ఒకే తీరు పొలుసులు. మరి అప్పుడే ఎందుకు పోల్చుకోలేదంటే, గుడ్డిపాముకూ అలాంటి పొలుసులే.

1917లో నెల్సన్ అన్నన్‌డేల్ ఒడిశా చిలకా సరస్సులోని బర్కుడా దీవిలో ఇలాంటి బల్లినే చూసి, దీవి పేరు మీద బర్కుడియా అన్నారు. 1950ల్లో ఆంధ్రా యూనివర్సిటీ ప్రొఫెసర్ పి.ఎన్.గణపతి, ఆయన తోటివారు వాల్తేరులో దొరికిన వాటిని పరిశీలించి పత్రాలు రాశారు. అప్పట్లో వాటినీ చిలకా జాతి కిందే లెక్కేశారు. రస్సెల్ బల్లి వేరే జాతి అని తర్వాత గానీ గుర్తించలేదు. ఇంతా చేసి, దాని గుడ్లూ పిల్లల సంగతి అడిగితే చెప్పగలిగేవాళ్లు తక్కువే. మట్టి తవ్వితే తప్ప కనబడదు, కనబడితే పామనుకుని కర్ర తీస్తారు.

రస్సెల్ వైజాగ్‌లో చూసిన గుడ్డిపాము కథ ఇంకో రకం. అన్నీ ఆడవే, మగతోడు లేకుండానే గుడ్లు పెడతాయి. పూలకుండీ మట్టిలో ఒక్కటి వెళ్లినా చాలు, అక్కడ సంతానం మొదలు. అలా ఎన్నో ఖండాలు తిరిగింది. గల్ఫ్‌లోనో మలేషియాలోనో మీ కుండీలో నల్లటి వానపాములాంటిది మెలికలు తిరిగితే అదే కావచ్చు, ఏమీ చేయదు. కాళ్లు లేని బల్లి మాత్రం మన తూర్పు తీరం దాటలేదు.

1789లో రస్సెల్ ఇండియా విడిచారు. 1803లో విశాఖపట్నం చేపలు రెండువందల రకాల మీద ఇంకో పుస్తకం వేశారు, 1805 జూలైలో కన్నుమూశారు. పాముల పుస్తకం రెండో సంపుటి కొంత ఆయన పోయాకే అచ్చయింది. ఆ పుస్తకాల నిండా తెలుగు పేర్లున్నాయి. వాటిని చెప్పిన మనవాళ్లెవరో మాత్రం మనకు తెలియదు.