వెర్నర్ ఫోర్స్‌మన్

శ్రీకాకుళం జిల్లాకు ఈశాన్యమున, సముద్రతీరము వెంట, ఉద్దానమను సీమ కలదు. ఉద్యానము అను మాటయే ఉద్దానముగా మారినదని పెద్దలు చెప్పుదురు. ఆ పేరు ఆ నేలకు తగియున్నది. కొబ్బరి, జీడిమామిడి, పనస తోటలతో ఆ తీరమంతయు ఎల్లప్పుడు పచ్చగా నుండును. అచట పండిన జీడిగింజలు పలాస, కాశీబుగ్గలలోని కర్మాగారములకు వచ్చి, పప్పుగా మారి, దేశమంతటికిని పోవుచుండును. ఇంతటి చల్లని సీమను ఒక వ్యాధి పట్టి పీడించుచున్నది. అది మూత్రపిండముల వ్యాధి. కవిటి, కంచిలి, సోంపేట, మందస, వజ్రపుకొత్తూరు మొదలగు మండలములలో అనేక కుటుంబములు దానివలన దుఃఖపడినవి. దాని మూలకారణ మేమో నేటికిని నిశ్చయముగా తేలలేదు.

రక్తమునందలి మలినములను వడగట్టి వెలుపలికి పంపుట మూత్రపిండముల పని. అవి పూర్తిగా చెడినవారికి డయాలిసిస్ యంత్రము ఆధారమగును. రోగి రక్తము గొట్టముద్వారా యంత్రములోనికి పోయి, శుద్ధియై, మరల శరీరమునకు చేరును. ఈ పని సాధారణముగా వారమునకు 3 పర్యాయములు, ఒక్కొక్క పర్యాయము సుమారు 4 గంటలసేపు జరుగవలెను. ఇందుకొఱకు ఉద్దానపు రోగులు పలువురు చాలకాలము టెక్కలి మీదుగా శ్రీకాకుళమునకో, దూరమున నున్న విశాఖపట్టణమునకో ప్రయాణము చేయవలసి వచ్చెడిది. 2023వ సంవత్సరము డిసెంబరు నెలలో పలాసయందు 200 పడకల ఆసుపత్రియు, మూత్రపిండ వ్యాధుల పరిశోధన కేంద్రమును ప్రారంభమయ్యెను.

యంత్రమునకు రక్తము అందుటకు ఒక మార్గము కావలెను. అందులకై చేతియందలి ఒక ధమనిని ఒక సిరతో కలిపి కుట్టుదురు. దీనిని ఫిస్టులా యందురు. ధమనిలోని రక్తవేగమునకు సిర లావై, సూదులు గ్రుచ్చుటకు అనుకూలమగును. దానిపై వ్రేలుంచినచో తుమ్మెద రొదవంటి కదలిక తెలియును. ఫిస్టులా సిద్ధమగుటకు కొన్ని వారములు పట్టును. అంతవరకు ఆగుటకు వీలులేని రోగికి మెడయందలి సిరద్వారా మెత్తని గొట్టమును ప్రవేశపెట్టుదురు. దాని కొన హృదయపు కుడి పైగది వాకిటికో, ఆ గదిలోనికో చేరును. ఈ మార్గములలో ఒక్కొక్కప్పుడు రక్తము గడ్డకట్టి దారి మూసికొనును. అట్టి గడ్డను గూడ నేటి వైద్యులు సన్నని గొట్టమును లోనికి పంపియే తీయగలరు.

నేడు ఇది నిత్యకృత్యము. కాని బ్రతికియున్న మనుష్యుని హృదయములోనికి గొట్టమును పంపుట మృత్యువును పిలుచుటయే యని వైద్యులు నమ్మిన కాల మొకటి యుండెను. ఆ నమ్మకమును తన దేహముమీదనే పరీక్షించి పోగొట్టినవాడు వెర్నర్ ఫోర్స్‌మన్ అను జర్మను వైద్యుడు.

ఫోర్స్‌మన్ 1904వ సంవత్సరము ఆగస్టు 29వ తేదీన బెర్లిను నగరమున జన్మించెను. అతని తండ్రి న్యాయశాస్త్రము చదివినవాడు. మొదటి ప్రపంచయుద్ధమున ఆయన సైనికుడై వెళ్ళి మరణించెను. తల్లి ఉద్యోగము చేసి కుటుంబమును పోషింపగా, మాతామహి యింటి భారమును వహించెను. కష్టములలో పెరిగినను బాలుడు చదువును విడువలేదు. 1922లో బెర్లిను విశ్వవిద్యాలయమున వైద్యవిద్యార్థిగా చేరి, 1929లో పట్టపరీక్షయందు ఉత్తీర్ణుడయ్యెను. పిదప బెర్లినునకు సమీపమున నున్న ఎబెర్స్‌వాల్డె అను చిన్న పట్టణములోని ఆసుపత్రిలో శస్త్రవైద్యము అభ్యసింప మొదలిడెను.

విద్యార్థిగా నున్నప్పుడు ఒక గ్రంథములో చూచిన చిత్రము అతని మనస్సున నాటుకొనియుండెను. అందు ఒక గుఱ్ఱము నిలుచుండెను. దాని మెడయందలి సిరనుండి హృదయమువరకు ఒక గొట్టము పోవుచుండెను. పందొమ్మిదవ శతాబ్దపు ఫ్రెంచి శాస్త్రజ్ఞులు హృదయములోని పీడనమును కొలుచుటకై చేసిన ప్రయోగమది. గుఱ్ఱమునకు హాని కలుగలేదు. గుఱ్ఱమునకు సాధ్యమైనది మనుష్యునకేల సాధ్యము కాదని ఫోర్స్‌మన్ ఆలోచించెను. ప్రాణము పోవుచున్న రోగికి ఆ కాలమున వైద్యులు ఱొమ్మునుండి సూదిని గ్రుచ్చి హృదయములోనికే మందు పంపెడివారు. సూది తప్పినచో హృదయమునకు గాయమగు భయము కలదు. చేతి సిరనుండి గొట్టమును పంపినచో ఆ భయ ముండదని అతని యూహ.

అతడు తన యూహను ఆసుపత్రి ప్రధానవైద్యుడగు రిచర్డ్ ష్నైడరునకు విన్నవించెను. ష్నైడరు దయగలవాడే. ఐనను రోగులపై అట్టి పరీక్షకు అతడు సమ్మతింపలేదు. ఫోర్స్‌మన్ తనమీదనే చేసికొందునని అడుగగా దానికిని ఒప్పుకొనలేదు. విధవయైన తల్లికి ఏకైక పుత్రుని ప్రాణముతో చెలగాట మాడుట తగదని ఆయన తలంచెను. ఆ తలపు న్యాయమైనదే. కాని యువకుని పట్టుదల తగ్గలేదు.

పరికరములున్న బీరువా తాళములు గెర్డా డిట్జెన్ అను నర్సు వశమున నుండెను. ఆమె సహాయము లేక పని జరుగదు. ఫోర్స్‌మన్ పలుదినములు ఆమెకు తన యూహను వివరించెను. ఆమె దాని గొప్పతనమును గ్రహించి, ఆ పరీక్ష తన దేహముమీదనే చేయుమని ముందుకు వచ్చెను. అతడు సరేయని ఆమెను శస్త్రచికిత్స బల్లపై పరుండబెట్టి, చేతులు కదలకుండ కట్టి, ఆమె చేతికి మందు పూయుచున్నట్లు నటించుచు, చాటున తన యెడమచేతి మోచేతి మడతలోని సిరను కోసికొనెను. పిదప 65 సెంటీమీటర్ల సన్నని రబ్బరు గొట్టమును అందు దూర్చెను. అది మూత్రపిండమునుండి వచ్చు మూత్రనాళమును పరీక్షించుటకు చేయబడిన గొట్టము. హృదయమునకై చేసిన గొట్టము నాటికి లోకమున లేదు.

అతడు కట్లు విప్పినప్పుడు గాని ఆమెకు నిజము తెలియలేదు. మోసపోయినందుకు ఆమె కోపించెను. ఐనను ఆ క్షణమున అతనిని విడిచిపోలేదు. ఇరువురును మెట్లు దిగి క్రింది యంతస్తులోని ఎక్స్-రే గదికి నడచిపోయిరి. గొట్టము అప్పటికే అతని సిరలో నున్నది. అచట అతడు ఎక్స్-రే తెరయెదుట నిలుచుండగా, నర్సు ఒక అద్దమును పట్టుకొనెను. అద్దమున తన దేహములోని గొట్టపు నీడను చూచుకొనుచు అతడు దానిని కొంచెము కొంచెముగా ముందునకు నెట్టెను. సంగతి విని పరుగున వచ్చిన మిత్రవైద్యుడు దానిని లాగివేయబోగా వారించెను. గొట్టపు కొన భుజమును దాటి, ఱొమ్ములోనికి దిగి, హృదయపు కుడి పైగదికి చేరెను. ఎక్స్-రే చిత్రము తీయబడెను. ఫోర్స్‌మన్‌కు నొప్పి కలుగలేదు. సిర గోడల వెంట కొంత వెచ్చదనము మాత్రము తోచెను. ఇది జరిగినది 1929లో. అప్పటి కతనికి ఇరువదియైదేండ్లు నిండలేదు.

ష్నైడరు మొదట మందలించెను. చిత్రము చూచిన పిమ్మట అందలి విలువను గుర్తించి, ప్రకటింపుమని ప్రోత్సహించెను. 1929 నవంబరులో ఒక జర్మను వైద్యపత్రికయందు ఆ వ్యాసము వెలువడెను. కాని కీర్తికి బదులు నింద వచ్చెను. అది శాస్త్రము గాదనియు, దుస్సాహసమనియు పెద్దలు తలంచిరి. బెర్లినులో ఒక గొప్ప ఆసుపత్రిలో దొరికిన స్థానము అతనికి దక్కలేదు. ఐనను అతడు కొంతకాలము ప్రయత్నమును సాగించెను. ఎక్స్-రే చిత్రములలో నల్లగాగాని తెల్లగాగాని స్పష్టముగా కనబడు ద్రవమును గొట్టముద్వారా హృదయములోనికి పంపి, దాని లోపలి యాకృతిని చూడవచ్చునేమో యని కుక్కలమీదను, తనమీదను పరీక్షించెను. ప్రోత్సాహము లేక తుదకు హృదయమును విడిచి మూత్రావయవముల శస్త్రవైద్యమును చేపట్టెను. ఏ శాఖవారి గొట్టమును అరువు తెచ్చుకొని హృదయమును చేరెనో, ఆ శాఖయే అతనికి జీవనాధార మయ్యెను.

అతని జీవితమున ఒక చీకటి పుటయు కలదు. 1932లో అతడు నాజీ పక్షమున చేరెను. ఆ పక్షము జర్మనీని ఏలి, లక్షలకొలది నిరపరాధులను చంపించి, లోకమును యుద్ధములోనికి ఈడ్చెను. ఫోర్స్‌మన్ రెండవ ప్రపంచయుద్ధమున సైన్యవైద్యుడుగా పనిచేసి, యుద్ధాంతమున బందీయయ్యెను. విడుదలయైన పిదప కొంతకాలము అడవిలో చెట్లు నరికి జీవించెను. తరువాత వైద్యురాలగు భార్య ఎల్స్‌బెట్‌తో కూడి గ్రామసీమలో వైద్యము చేసెను. 1950లో బాద్ క్రోయిజ్‌నాఖ్ అను పట్టణమున మూత్రవ్యాధుల వైద్యుడుగా స్థిరపడెను. ఒక విషయమున ధైర్యవంతుడైనవాడు అన్ని విషయములలోను వివేకవంతుడై యుండునని తలంపరాదని ఈ పుట మనకు బోధించును.

ఈలోగా అతడు వేసిన విత్తనము సముద్రమునకు ఆవలి తీరమున మొలకెత్తెను. న్యూయార్కు నగరములో ఆంద్రె కూర్నాన్, డికిన్సన్ రిచర్డ్స్ అను వైద్యులు అతని వ్యాసమును ఆధారముగా గొని, 1940 ప్రాంతమునుండి ఆ గొట్టముతో హృదయములోని పీడనములను కొలిచి, హృదయవ్యాధులను గుర్తించు పద్ధతిని ఏర్పరచిరి. 1956లో ఆ యిరువురితోపాటు ఫోర్స్‌మన్‌కును వైద్యశాస్త్రమున నోబెల్ బహుమానము లభించెను. ఇరువదియేడేండ్లు మరుగునపడిన పేరు ఒక్కనాటిలో లోకమంతట వ్యాపించెను. 1958లో అతడు డ్యుసెల్‌డార్ఫ్ నగరమున ఒక ఆసుపత్రి శస్త్రవైద్య విభాగమునకు అధిపతియయ్యెను. 1979వ సంవత్సరము జూను 1వ తేదీన హృద్రోగముచే మరణించెను.

అతడు తెఱచిన బాటలో తరువాతివారు చాల దూరము నడచిరి. 1963లో తామస్ ఫోగార్టీ అను అమెరికా వైద్యుడు కొనయందు చిన్న బుడగ గల గొట్టమును లోకమునకు తెలిపెను. దానిని చిన్న గాటునుండి రక్తనాళములోనికి పంపి, గడ్డను దాటించి, బుడగను ఉబ్బించి వెనుకకు లాగినచో గడ్డ వెలుపలికి వచ్చును. 1964 జనవరిలో చార్లెస్ డాటర్ అను ఎక్స్-రే వైద్యుడు 82 ఏండ్ల వృద్ధురాలి కాలిలో ఇఱుకైన ధమనిని సన్నని గొట్టములతోనే వెడల్పుచేసెను. కాలు తీసివేయవలెనని ఇతర వైద్యులు చెప్పగా ఆమె నిరాకరించి యుండెను. ఆమె కాలు నిలిచెను. నాటినుండి, దేహమును పెద్దగా కోయకుండ, చిత్రమును చూచుచు లోపలి వ్యాధిని కుదుర్చు వైద్యము ఒక ప్రత్యేకశాఖగా పెరిగెను.

నేడు రక్తపు గడ్డను తీయు విధమిది. చర్మముపై సూదిబెజ్జము వేసి, దానిగుండ ముందుగా సన్నని తీగెను, ఆ తీగెమీదుగా గొట్టమును పంపుదురు. వైద్యుని చూపు తెరమీద నుండును. ఎక్స్-రేలో కనబడు ద్రవమును చిమ్మగా నాళములన్నియు కొమ్మలవలె తెరపై తోచును. గడ్డయున్నచోట కొమ్మ తెగినట్లగపడును. అచ్చటికి చేరి, గడ్డను కరగించు మందు నిత్తురు; లేక పీల్చి తీయుదురు; లేక తీగెల వలలో చిక్కించి వెలుపలికి లాగుదురు. మెదడులోని పెద్ద ధమనియందు గడ్డపడి పక్షవాతము వచ్చినప్పుడు గూడ తగిన రోగులకు ఇట్లే చేయుదురు. అందు ఒక్కొక్క నిమిషమును విలువైనదే. ఫిస్టులాలో గడ్డకట్టినప్పుడును ఈ మార్గమే రోగి చేతిని కాపాడును. ఆ తుమ్మెద రొద ఆగినచో మఱునాటి వరకు వేచియుండక, ఆ దినముననే వైద్యుని చూడవలెను. ఇంట ఎవరికైన ఫిస్టులా యున్నయెడల బాలబాలికలును ఈ సంగతి ఎఱిగియుండుట మేలు.

ఫోర్స్‌మన్ చేసినట్లు నేడెవరును చేయరాదు. పై యధికారి యాజ్ఞను మీరుటయు, నమ్మిన నర్సును వంచించుటయు మెచ్చదగిన పనులు కావు. నేడు నూతన పద్ధతిని పెద్దలసంఘము విమర్శించి ఒప్పుకొనవలెను. రోగికి ఉన్నదున్నట్లు చెప్పి సమ్మతిని పొందవలెను. కాని ఒక్క విషయమున అతడు మనకు ఆదర్శప్రాయుడు. తాను సత్యమని నమ్మినదాని అపాయమును ఇతరుల తలపై పెట్టక, తానే మోసెను.

ఉద్దానపు తోటలలో పుట్టిన రోగియొకడు నేడు మెడలో గొట్టముతో యంత్రముప్రక్కన పండుకొనియున్నాడనుకొనుడు. ఆ గొట్టపు కొన ఎచ్చట నున్నదో, 1929లో ఒక యువకుని రబ్బరు గొట్టము తొలుత చేరినది అచ్చటికే. ఆ రోగి అతని పేరు వినియుండకపోవచ్చును. ఐనను అతని ఋణము, అద్దము పట్టిన ఆ నర్సు ఋణము అతనిపై కలవు. ఉద్దానపు వ్యాధికి మూలమును కనుగొను పని యింకను మిగిలియున్నది. ఆ తీరపు పాఠశాలలలో నేడు చదువుచున్న బాలబాలికలలో ఒకరు రేపు ఆ పనిని నెఱవేర్చిన, ఆ ఋణము కొంత తీరును.