గుట్టమీది మేడ

ధ్యాన భాగము: లూకా 14:28-30



వికారాబాదు అను పేరు మనము దినమునకు ఎన్నిమారులు పలుకుదుమో గాని, అది ఎవరి పేరని అడుగువారు తక్కువ. అది నవాబు సర్ వికారుల్ ఉమ్రా గారి పేరు. ఈ మాసము ఆయన జీవితమును కొంచెము తలపోయ కోరుచున్నాము.

ఆయన పైగా వంశస్థులు. ఆ వంశమునకు ఈ నేల పుట్టినిల్లు కాదు. తాము ఖలీఫా ఉమరు గారి సంతతివారమని వారు చెప్పుకొనిరి. వారి పెద్దలు ఉత్తర దేశమునుండి వచ్చి నైజాము కొలువులో చేరిరి. ప్రభువుకొరకు గుఱ్ఱపు దండును పోషించుట వారి పని. అందుకై గొప్ప జాగీరులు వారికియ్యబడెను. నైజాముల కుమార్తెలను వివాహమాడి, రాజ్యములో నైజాము తరువాత అంతటివారైరి.

వికారుల్ ఉమ్రా గారు 1856లో జన్మించిరి. ఆరవ నైజామగు మహబూబ్ అలీ ఖాను గారి సోదరి ఆయన భార్య. 1884లో ఆయన హైదరాబాదునకు దక్షిణమున ఒక గుట్టమీద మేడకు పునాది వేయించిరి. దానికి ఫలక్‌నుమా, అనగా ఆకాశమునకు అద్దము, అని పేరు పెట్టిరి. ఇటలీ పాలరాతితో అది లేచెను. నూటఒక్కరు ఒకేసారి కూర్చుండి భుజించు బల్ల అందులో నేటికిని ఉన్నది. పని ముగియుటకు సుమారు పదేండ్లు పట్టెను. 1893లో ఆయన రాజ్యమునకు దివానాయెను.

అయితే ఆ మేడ అంతటి ధనవంతునికిని బరువాయెను. ఖర్చు అంచనా మించి అప్పులు చేరెను. నైజాము అతిథిగా వచ్చి మేడను మెచ్చుకొనగా, నవాబుగారు దానిని ఆయనకే సమర్పించిరనియు, నైజాము దానికి వెల ముట్టజెప్పిరనియు చెప్పుదురు. 1897-98 ప్రాంతమున మేడ చేతులు మారెను. 1901లో దివాను పదవియు ముగిసెను. 1902లో ఆయన కన్నుమూసిరి. బేగంపేటలో ఆయన ఆరంభించిన స్పానిష్ మసీదు 1906లో పూర్తియగునప్పటికి ఆయన లేరు. 1949లో జాగీరులు రద్దయ్యెను. 2010 నుండి ఆ మేడ హోటలుగా నడుచుచున్నది.

ఆయనను నిందించుటకు మేమిది వ్రాయుట లేదు. జాగీరులుగల వానికే లెక్క తప్పినయెడల, రెండెకరముల కందిచేను గల మనకు తప్పదా? గోపురము కట్టగోరువాడు ముందు కూర్చుండి ఖర్చు చూచుకొనవలెనని మన ప్రభువు బోధించెను. మేము ప్రార్థనకు వెళ్లిన ఇండ్లలో, ఒక్క దినపు పెండ్లికి అప్పుచేసి, ఆ అప్పుకు చేను అమ్ముకొని, ఆ చేనిలోనే కూలికి పోవువారిని చూచితిమి. వారు చెడ్డవారు కారు. ఇరుగుపొరుగు ఏమనుకొందురో అని భయపడినవారు. ఆ భయము మన సంఘములలోనిదే. కొన్నిసార్లు విందుకు వెళ్లి వంకలు పెట్టిన మనమే దానిని పుట్టించితిమి.

కావున వచ్చు పెండ్లి దినములకు ముందే భార్యాభర్తలు కూర్చుండి, ఉన్నదెంతో, కావలసినదెంతో కాగితముమీద వ్రాసికొని ప్రార్థించుడి. చిన్న పందిరి వేసినవారి ఇంటికి మనమే ముందుగా వెళ్లి సంతోషముతో భుజింతము. ప్రభువు కానాలో ఒక పల్లె పెండ్లికి వెళ్లెను గదా.