నెహెమ్యా: గోడకంటె కష్టమైన పని

నెహెమ్యా పేరు వినగానే మనకు యెరూషలేము ప్రాకారము జ్ఞాపకము వస్తుంది. 52 దినములలో గోడ కట్టించినవాడని సండే స్కూలులోనే నేర్చుకొన్నాము. అయితే గోడకంటె కష్టమైన పని ఒకటి అతడు చేశాడు. దానిని గూర్చి మనము తక్కువగా మాట్లాడుకొంటాము.

హకల్యా కుమారుడైన నెహెమ్యా పరదేశములో స్థిరపడిన యూదుల సంతతివాడు. నేటి ఇరాను దేశపు నైరుతి భాగములోనున్న షూషను కోటలో, అర్తహషస్త రాజునకు పానదాయకుడు. అనగా రాజు త్రాగు ద్రాక్షారసపు గిన్నె అందించువాడు. అది చిన్న కొలువు కాదు. ఈ రాజు తండ్రి క్రీ.పూ. 465లో రాజభవనములోనే హత్య చేయబడ్డాడు. అట్టి ఇంటిలో రాజు చేతికి గిన్నె అందించవలెనంటే ఎంత నమ్మకస్థుడై యుండవలెనో మనమే ఊహించుకొనవచ్చును.

రాజు ఏలుబడి 20వ సంవత్సరమున, కిస్లేవు మాసములో, సహోదరుడు హనానీ యూదా దేశమునుండి వచ్చి యెరూషలేము గోడ పడియున్నదనియు గుమ్మములు కాలిపోయినవనియు తెలియజేశాడు. నెహెమ్యా ఏడ్చాడు, ఉపవసించాడు, ప్రార్థించాడు. నాలుగు మాసములు కనిపెట్టాడు. ఆ పట్టణపు పని మునుపు ఆపించినది అర్తహషస్తయేనని ఎజ్రా గ్రంథము చెప్పుచున్నది. క్రీ.పూ. 445, నీసాను మాసములో రాజు అతని ముఖము చూచి కారణమడిగినప్పుడు నెహెమ్యా మిక్కిలి భయపడ్డాడు. అయినను దేవునికి మనస్సులో మొరపెట్టి తన కోరిక చెప్పాడు. రాజు సెలవిచ్చి, అధిపతులకు పత్రికలను, రాజు అడవినుండి మ్రానులను, తోడుగా గుఱ్ఱపు రౌతులను ఇచ్చాడు.

యెరూషలేములో పని మొదలైనది. బంగారపు పనివారు, పరిమళ ద్రవ్యములు చేయువారు, షల్లూము కుమార్తెలు సయితము గోడ కట్టారు. సన్బల్లటు, టోబీయా, గెషెము ఎగతాళి చేశారు, బెదిరించారు. నెహెమ్యా సగము మందిని ఈటెలతో కావలి నిలిపాడు.

అప్పుడు లోపలినుండి ఏడ్పు వినబడినది. అది కరవు కాలము. ధాన్యము కొరకు పొలములు, ద్రాక్షతోటలు, ఇండ్లు తాకట్టు పెట్టినవారు కొందరు. రాజునకు పన్ను కట్టుటకు అప్పు చేసినవారు కొందరు. తీర్చలేక తమ బిడ్డలను దాసులుగా అప్పగించారు. అప్పు ఇచ్చినది సన్బల్లటు కాదు. స్వజనులలోని ప్రధానులు, అధికారులే.

నెహెమ్యాకు కోపము వచ్చినది. అయినను ముందు తనలో తాను ఆలోచించుకొన్నాడు. పిమ్మట సమాజమును కూర్చి ప్రధానులను గద్దించాడు. అంతటితో ఊరకుండలేదు. తానును, తన బంధువులును, తన పనివారును కూడ సొమ్మును ధాన్యమును అప్పిచ్చియున్నామని అందరి ఎదుట ఒప్పుకొన్నాడు. ఆ దినమే పొలములు, ఇండ్లు తిరిగి ఇయ్యవలెనని, వడ్డీ విడిచిపెట్టవలెనని కోరాడు. వారు ఒప్పుకొనగా, యాజకులను పిలిచి ప్రమాణము చేయించాడు.

ఎలూలు మాసము 25వ దినమున గోడ పూర్తియైనది. నెహెమ్యా 12 సంవత్సరములు అధిపతిగా ఉండి, అధిపతికి రావలసిన భత్యము తీసికొనలేదు. మునుపటి అధిపతులు ఆహారమును ద్రాక్షారసమును గాక 40 తులముల వెండి కూడ పుచ్చుకొనేవారు. ఇతని బల్లయొద్ద 150 మంది యూదులు, అధికారులు భోజనము చేసేవారు. అందుకు దినమునకు ఒక ఎద్దును, ఆరు శ్రేష్ఠమైన గొఱ్ఱెలను సిద్ధపరచేవారు. జనులు అప్పటికే బరువు మోయుచున్నారని ఎరిగి అతడు భత్యము అడుగలేదు. క్రీ.పూ. 433లో రాజునొద్దకు తిరిగి వెళ్లి, కొంతకాలమునకు సెలవు పుచ్చుకొని మరల యెరూషలేమునకు వచ్చాడు.

దూర ప్రాంతములలో స్థిరపడిన మనము, పితరుల గ్రామములో మందిరము కట్టుచున్నారంటే సంతోషముగా చందా పంపుతాము. అది మంచిదే. అయితే ఆ మందిరములో మన ప్రక్కన కూర్చుండు సహోదరుని పొలము కాగితము మన బీరువాలో ఉన్నదేమో కూడ చూచుకొందము. నెహెమ్యా ఇతరులను అడుగకముందు తన లెక్క తాను చూచుకొన్నాడు. గోడకంటె కష్టమైన పని అదే.