శిల్పుల పక్షాన నిలిచిన ఆనంద కుమారస్వామి

ప్రతిష్ఠా సమయంలో విగ్రహానికి నేత్రోన్మీలనం జరిగే వేళ మీలో ఎందరో భక్తితో చేతులు జోడించి ఉంటారు. ఆ కన్నులను మలచిన చేయి ఎవరిదని అడిగేవారు మాత్రం అరుదు. సింహళంలో ‘నేత్ర మంగల్య’ అనే పేరుతో బుద్ధ విగ్రహాలకు ఇటువంటి సంస్కారమే జరుగుతుంది. దానిని శ్రద్ధతో గ్రంథస్థం చేసి, కన్నులు దిద్దే శిల్పి పక్షాన నిలిచిన మహనీయుడు డాక్టర్ ఆనంద కుమారస్వామి.

ఆయన 1877 ఆగస్టు 22న కొలంబోలో జన్మించారు. తండ్రి సర్ ముత్తు కుమారస్వామి తమిళుడు. తల్లి ఎలిజబెత్ ఆంగ్ల వనిత. పసితనంలోనే పితృవియోగం కలుగగా ఇంగ్లండులో పెరిగి, భూగర్భశాస్త్రం అభ్యసించి, సింహళంలో ఖనిజ పరిశోధన శాఖకు అధిపతి అయ్యారు. రాళ్లను వెదుకుతూ పల్లెలు తిరిగిన ఆ శాస్త్రజ్ఞుని కంటబడింది రాళ్లకు రూపమిచ్చే వారి దైన్యం.

పూర్వం కాండీ రాజులు, ఆలయాలు శిల్పులకు, లోహకారులకు, చిత్రకారులకు మాన్యాలిచ్చి పోషించేవారు. 1815లో ఆ రాజ్యం ఆంగ్లేయుల వశమైంది. మాన్యాల ఏర్పాటు సడలింది. యంత్రాలు చేసిన చౌక సరుకు ఓడలలో వచ్చి దిగింది. సంపన్నులకు విదేశీ వస్తువే నాగరికతగా తోచింది. నైపుణ్యం నశించి పని పోలేదు, పని చెప్పేవారు లేక నైపుణ్యం నశించిందని కుమారస్వామి నిర్ధారించారు. దాతలైన మీరు ఇక్కడ ఒక్క క్షణం ఆగవలెనని మనవి. లోపం శిల్పి చేతిలో కాక పోషకుని అభిరుచిలో ఉన్నదనటం ఆ రోజులలో సాహసమే.

ఈ పరిశోధన ఫలమే 1908 నాటి ‘మిడీవల్ సింహళీస్ ఆర్ట్’. దాని ముద్రణ ఒక వ్రతం వంటిది. ఆంగ్ల హస్తకళోద్ధారకుడు విలియం మోరిస్ వాడిన చేతి అచ్చుయంత్రం మీద, తామే దగ్గరుండి, పదిహేను మాసాలు శ్రమించి 425 ప్రతులు మాత్రమే అచ్చొత్తించారు. మరుసటి ఏడు ‘ది ఇండియన్ క్రాఫ్ట్స్‌మన్’ వెలువరించారు. యంత్రం ఒకే అచ్చును వేయిమార్లు పోస్తుంది; మన శిల్పి ధ్యానశ్లోకంలోని మూర్తిని మనసున దర్శించిన పిదపనే ఉలి పడతాడు. ఈ భేదాన్ని పాశ్చాత్యులకు ఆయనవలె విశదపరచినవారు అరుదు.

మన ఆంధ్రరత్న దుగ్గిరాల గోపాలకృష్ణయ్యగారితో కలసి ఆయన ఆంగ్లీకరించిన నందికేశ్వరుని ‘అభినయ దర్పణము’ 1917లో వెలువడింది. తెలుగువారికి ఇది మరువరాని బంధుత్వం.

అదే సంవత్సరం బోస్టన్ లలితకళల మ్యూజియంలో చేరారు. పూజకై మలచిన మూర్తులు అద్దాల బీరువాలకోసం పుట్టలేదని వాదించిన ఆయనే మూడు దశాబ్దాలు అక్కడ వాటిని సంరక్షించటం విధివైచిత్రి. డెబ్బదవ జన్మదినాన జరిగిన విందు సభలో భారతదేశానికి తరలిరావలెనన్న సంకల్పాన్ని ప్రకటించారు. పదునెనిమిది దినాలకు, 1947 సెప్టెంబరు 9న, అమెరికాలోనే పరమపదించారు.