జెన్నీ లిండ్

జెన్నీ లిండ్ (అక్టోబరు 6, 1820 - నవంబరు 2, 1887) స్వీడన్ దేశానికి చెందిన సుప్రసిద్ధ ఒపెరా గాయని. ఈమె పూర్తిపేరు యొహన్నా మరియా లిండ్. పాశ్చాత్య సంగీతంలో స్త్రీల గాత్రాలలో అన్నిటికంటె పై స్థాయిదానిని సొప్రానో అంటారు. అందులోనూ తారస్థాయిలో అతి వేగంగా, మన బిర్కాలను తలపించే స్వరసమూహాలను తడబాటు లేకుండా పలికించగల గాత్రాన్ని కొలొరటూరా సొప్రానో అంటారు. జెన్నీ లిండ్‌ది అటువంటి గాత్రం. ఈమెకు "స్వీడిష్ నైటింగేల్" అని బిరుదు. నైటింగేల్ మన కోకిల కాదు, వేరొక పక్షి. అయినా తెలుగులో స్వీడన్ కోకిల అనుకోవడానికి అడ్డు లేదు.

బాల్యం

ఈమె స్టాక్‌హోమ్ నగరంలో జన్మించింది. తండ్రి లెక్కలు వ్రాసే గుమాస్తా, తల్లి పిల్లలకు చదువు చెప్పేది. జెన్నీ పుట్టేనాటికి వారిద్దరికీ వివాహం కాలేదు; అది చాలా ఏళ్ళ తరువాత జరిగింది. అందువలన ఈమె బాల్యంలో కొంతకాలం పరుల ఇళ్ళలో పెరిగింది. తొమ్మిదేళ్ళ వయసులో కిటికీ దగ్గర కూర్చుని తన పిల్లికి పాట పాడుతుండగా, దారిన పోతున్న ఒక పనిమనిషి విని, రాయల్ ఒపెరాలో నర్తకి అయిన తన యజమానురాలికి చెప్పిందట. ఆ నర్తకి చొరవతో జెన్నీకి రాయల్ థియేటర్ పాఠశాలలో ప్రవేశం లభించింది. పదేళ్ళకే రంగస్థలం ఎక్కింది. 1838 మార్చి 7న వెబర్ రచించిన "డెర్ ఫ్రైషుట్స్" ఒపెరాలో అగాథె పాత్ర ధరించి ఒక్కరాత్రిలో పేరు తెచ్చుకున్నది. ఇరవయ్యేళ్ళకే స్వీడన్ రాజాస్థాన గాయని అయినది.

గాత్రం దెబ్బతినడం

ఈ తొందర ఎదుగుదలకు ఆమె పెద్ద మూల్యం చెల్లించింది. సరియైన శిక్షణ లేకుండా బరువైన పాత్రలను విశ్రాంతి లేక పాడడంతో కంఠం అలసి, బొంగురుపోయింది. తన లోపం తానే గ్రహించిన జెన్నీ 1841లో పారిస్ వెళ్ళి, ఆనాటి ప్రముఖ గాత్ర గురువు మాన్యుయెల్ గార్సియాను ఆశ్రయించింది. ఆయన ఆమె పాట విని, గాత్రం పాడైపోయిందని నిర్మొహమాటంగా చెప్పాడు. కొన్ని వారాలపాటు అసలు పాడరాదని, మాట్లాడడం కూడ తగ్గించాలని నియమం విధించాడు. పాటే జీవనాధారమైన యువతికి, పరాయి దేశంలో, ఆ మౌనం ఎంత కష్టమో ఊహించవచ్చును. గడువు తీరిన తరువాత గార్సియా ఆమెను శిష్యురాలిగా స్వీకరించి, ఊపిరి పట్టడం మొదలుకొని సమస్తం మరల నేర్పాడు. ఈ శిక్షణ 1842 వరకు సాగింది.

మధ్యస్థాయి స్వరాలలో కొద్దిపాటి మసక మాత్రం ఆమెకు చివరివరకు ఉండిపోయింది. తారస్థాయి స్వరాలు మాత్రం నిర్మలంగా ఉండేవి. గాత్ర విస్తృతి రెండున్నర స్థాయిలకు పైబడి ఉండేది. అతి సన్నని ధ్వనితో దీర్ఘంగా స్వరం నిలపడంలో ఆమెకు సాటి లేరని సమకాలికులు భావించారు. ఆ తరువాత ఎన్ని ఆహ్వానాలు వచ్చినా ఆమె పారిస్ రంగస్థలం మీద పాడలేదు.

ఐరోపాలో కీర్తి

1842లో స్వదేశానికి వచ్చి బెల్లిని "నోర్మా"తో మరల రంగప్రవేశం చేసింది. 1843లో డెన్మార్క్ పర్యటనలో కథా రచయిత హాన్స్ క్రిస్టియన్ ఆండర్సన్ ఈమెను ప్రేమించాడు. ఆమె అతనిని సోదర భావంతోనే చూసింది. అతని "నైటింగేల్" కథకు ఈమె గానమే ప్రేరణ అంటారు. బెర్లిన్, లైప్‌జిగ్, వియన్నా నగరాలలో ఈమెకు ఘన స్వాగతం లభించింది. సంగీతకర్త మెండెల్సన్ ఈమెకు ఆప్తమిత్రుడు. తన "ఎలైజా"లోని ఒక సొప్రానో గీతాన్ని, ఆమె గాత్రంలో ఎఫ్ షార్ప్ స్వరం పలికే తీరును మనసులో పెట్టుకొని కూర్చాడు. ఆయన 1847లో మరణించాడు. మరుసటి సంవత్సరం లండన్‌లో ఆమె ఎలైజా పాడి, వచ్చిన సొమ్మును ఆయన పేరిట ఉపకార వేతనానికి ఇచ్చింది. దానిని 1856లో మొదటిసారి పొందినవాడు ఆర్థర్ సలివన్.

1847 మే 4న లండన్‌లోని హర్ మెజెస్టీస్ థియేటర్‌లో మేయర్‌బేర్ ఒపెరాతో తొలి ప్రదర్శన ఇచ్చింది. విక్టోరియా రాణి హాజరైనది. అదే సంవత్సరం జూలై 22న వెర్డి రచించిన "ఇ మస్నదియేరి"లో నాయిక అమాలియా పాత్రను తొలిసారిగా పోషించింది.

ఒపెరా విరమణ, అమెరికా యాత్ర

కీర్తి శిఖరాన ఉండగా 1849 మే 10న, ఇరవై ఎనిమిదేళ్ళ వయసులో, జెన్నీ లిండ్ ఒపెరాను విడిచిపెట్టింది. నాటకశాల జీవితం ఆమె మతనిష్ఠకు, ఏకాంతప్రియత్వానికి సరిపడలేదని జీవితచరిత్రకారులు వ్రాశారు. ఆ తరువాత కచేరీలు మాత్రమే చేసింది.

అమెరికా ప్రదర్శనల వ్యాపారి పి.టి. బార్నమ్ ఆమె పాట ఒక్కసారైనా వినకుండానే 150 కచేరీలకు, కచేరీకి 1,000 డాలర్ల చొప్పున ఒప్పందం చేసుకొని, 1,87,500 డాలర్లు ముందుగా బ్యాంకులో జమ కట్టాడు. 1850 సెప్టెంబరులో న్యూయార్క్ రేవులో ఆమెను చూడడానికి వేలాది జనం మూగారు. మొదటి కచేరీకి టిక్కెట్లు వేలం వేయగా, ఒక టోపీల వ్యాపారి తొలి టిక్కెట్టును 225 డాలర్లకు పాడుకున్నాడు. ఆ కచేరీలో తనకు వచ్చిన సొమ్ములో సుమారు 10,000 డాలర్లను ఆమె ధర్మసంస్థలకు ఇచ్చివేసింది. బార్నమ్ ప్రచారపు హోరు నచ్చక 93 కచేరీల తరువాత 1851లో ఒప్పందం నుండి తప్పుకొని, స్వయంగా కచేరీలు సాగించింది. 2017లో వచ్చిన "ది గ్రేటెస్ట్ షోమాన్" చలనచిత్రంలో ఆమె బార్నమ్‌ను ప్రేమించినట్లు చూపారు; అది కల్పన.

1852 ఫిబ్రవరి 5న బోస్టన్‌లో, తనకంటె తొమ్మిదేళ్ళు చిన్నవాడు, తన పియానో సహకారి అయిన ఆటో గోల్డ్‌ష్మిట్‌ను వివాహమాడింది. వీరికి ముగ్గురు సంతానం.

తరువాతి జీవితం

కొంతకాలం డ్రెస్డెన్‌లో ఉండి, తరువాత దంపతులు ఇంగ్లండులో స్థిరపడ్డారు. ఆమె కచేరీల రాబడితో నార్విచ్ నగరంలో 1854లో పిల్లల ఆసుపత్రి ఏర్పడింది. భర్త నిర్వహించిన బాక్ బృందగానంలో సొప్రానోలకు ఆమె తర్ఫీదు ఇచ్చింది. 1883 నుండి రాయల్ కాలేజ్ ఆఫ్ మ్యూజిక్‌లో గాత్ర ఆచార్యురాలిగా మూడేళ్ళు పనిచేసింది. గార్సియా వద్ద తాను నేర్చిన ఊపిరి క్రమాన్నే విద్యార్థినులకు నేర్పేది.

1887లో మాల్వెర్న్ కొండల వద్ద స్వగృహంలో మరణించింది. 1894లో వెస్ట్‌మినిస్టర్ ఆబీలో స్మారక ఫలకం ఏర్పాటు చేశారు. ఎడిసన్ ఫోనోగ్రాఫ్ 1877లోనే వచ్చినా ఆమె గాత్రం మాత్రం ఏ రికార్డులోను మనకు మిగలలేదు. స్వీడన్ ప్రభుత్వం 1996లో 50 క్రోనర్ల నోటుపై ఆమె చిత్రాన్ని ముద్రించింది. ఆ నోటు చెలామణి 2016తో ముగిసింది.